నమలడానికి మాత్రమే

మనిషికి పళ్ళు ఎందుకున్నాయి?

ఈ ప్రశ్న ఈమధ్యనే నాకు నేను వేసుకున్నాను. రోజూ ఉదయం అద్దం ముందు నిలబడి పళ్ళు తోముకునే మనిషిని, ఇన్నేళ్ళలో ఒక్కసారైనా దీన్ని వేసుకోకపోవడం ఆశ్చర్యమే. ఆత్మ ఉందా, దుఃఖం ఎందుకు అన్న విచారణలో ఎన్నో సాయంత్రాలు గడిపాను. బీరువాలో బట్టలకన్నా తర్కశాస్త్ర గ్రంథాలే ఎక్కువ చోటు ఆక్రమించాయని నా భార్య హైమవతి ఫిర్యాదు. అయినా నోట్లో ఉన్నదాని ప్రయోజనమేమిటని ఆలోచించే అవకాశం నాకు మా సంస్థవారే కల్పించారు. అందుకు వారికి కృతజ్ఞుణ్ణి.

మా అమ్మాయి సంహిత పదో తరగతి చదువుతోంది. పై పళ్ళు ముందుకు పొడుచుకు రావడం వల్ల కింది పళ్ళు అంగిలికి తగులుతాయి. చిన్నప్పుడు ముద్దుగా ఉందనుకున్నాం. ఈ మధ్య అన్నం తింటూ ఉన్నట్టుండి ఆగిపోయి, కళ్ళు మూసుకుని కూర్చోవడం మొదలుపెట్టింది. తాడేపల్లిగూడెంలో పళ్ళ వరస సరిచేసే డాక్టరు మెహరున్నీసా గారి దగ్గరికి తీసుకువెళ్ళాను. ఆవిడ చిన్న అద్దం నోట్లో పెట్టి, అంగిలి మీద ఉన్న పుండు నాకు చూపించారు.

"కింది పళ్ళు గుచ్చుకుంటూ ఉన్నంతకాలం ఇది మానదండి. క్లిప్పులు వెయ్యాలి. దవడ ఎదిగే వయసు కాబట్టి ఇప్పుడైతే పళ్ళు మన మాట వింటాయి. ఆలస్యం చేస్తే ఆపరేషన్ దాకా వెళ్ళినా వెళ్ళొచ్చు."

"మా సంస్థలో ఆరోగ్య పథకం ఉందండి," అన్నాను, కొంత గర్వంగా.

"అయితే త్వరగా కనుక్కోండి. క్లిప్పులనగానే చాలామంది అందం కోసమే అనుకుంటారు."

మా సంస్థ పని ధాన్యం నిల్వచేయడం. అక్కడ నేను రికార్డుల సూపరింటెండెంటును. ఆరోగ్య పథకాన్ని బయటి ఇన్సూరెన్స్ కంపెనీకి అప్పగించకుండా, ఉద్యోగుల చందాలతో సంస్థే స్వయంగా నడుపుతుంది. ఇన్నేళ్ళు ధాన్యాన్ని పాడవకుండా కాపాడినవారు మనుషులను కాపాడలేరా అన్నది పథకం పెట్టిన అధికారుల వాదం. ఆ వాదంలో నాకు దోషం కనిపించలేదు.

పథకంలో దంతచికిత్స ఉంది. దాని కిందనే చిన్న అక్షరాల్లో మరొక వాక్యం కూడా ఉంది: 'అందము నిమిత్తము చేయు చికిత్సలకు ఈ పథకము వర్తించదు.'

నా దరఖాస్తు అందిన తర్వాత సంక్షేమ విభాగం మేనేజరు ముక్తేశ్వరరావుగారు పిలిపించారు. ఆయన చాలాకాలం గోనెసంచుల విభాగంలో పనిచేసి, పదోన్నతి మీద మనుషుల విభాగానికి వచ్చారు.

"కూర్చోండి సోమసుందరం గారూ. అమ్మాయి ఫైలు సాంతం చూశాను. ఒక మౌలికమైన ప్రశ్న మిగిలిపోయింది. సదరు పళ్ళు ఎందుకండీ?"

"అంటే?"

"ఏ ప్రయోజనం నిమిత్తం వినియోగిస్తున్నారు? నమలడానికా, నవ్వడానికా?"

"రెండిటికీనండి. అందరిలాగే."

"ఆయ్, అక్కడే వచ్చింది చిక్కు. నమలడం ఆరోగ్యం. నవ్వడం అందం. మొదటిదానికి పథకం వర్తిస్తుంది, రెండోదానికి వర్తించదు."

"కాని పళ్ళు ఒకటే కదండీ?"

ముక్తేశ్వరరావుగారు కళ్ళజోడు తీసి బల్ల మీద పెట్టారు. ఇటువంటి అజ్ఞానాన్ని ఆయన రోజూ చూస్తూనే ఉంటారు కాబోలు, కోపం తెచ్చుకోలేదు.

"మన మూడో నంబరు గోడౌన్లో ఓ పక్క వడ్లున్నాయి, ఓ పక్క మినుములున్నాయి. గోడౌన్ ఒకటే. మరి అద్దె ఒకటేనా?"

"కాదండి."

"మరి చెప్పండి."

ఒక వస్తువుకు రెండు ప్రయోజనాలు ఉన్నప్పుడు వాటిని విడదీసి విచారించాలని ఎన్ని గ్రంథాల్లో చదివానో. దానికి ఇంత తేటగా దృష్టాంతం చెప్పగల మనిషి రెండు గదుల అవతలే ఉన్నాడని ఇంతకాలం నాకు తెలియలేదు. సిగ్గుపడ్డాను.

"కాబట్టి దంత వినియోగ నిష్పత్తి నిర్ధారించాలి," అన్నారాయన. "నమలడానికి ఎంత వంతు, నవ్వడానికి ఎంత వంతు అనేది తేలాక, నవ్వు వంతు మినహాయించి మిగతాది మంజూరు చేస్తాం. నవ్వు మరీ ఎక్కువైతే మాత్రం మొత్తం అందం కిందికే పోతుంది. ముందే చెబుతున్నాను."

"ఎవరు నిర్ధారిస్తారండి?"

"ఇంకెవరు, మన నాణ్యతా విభాగం. ఈ సంస్థలో మంచేదో చెడ్డేదో తేల్చేది వాళ్ళే కదా."

నాణ్యతాధికారి ఏసురత్నంగారు గుప్పెడు వడ్లు అరచేతిలో పోసుకుని ఊదితే, అందులో తాలు ఎంతో మట్టి ఎంతో చెప్పేస్తారు. కొత్తగా చేరినవాళ్ళతో చేయి కలుపుతూ కూడా తేమ అంచనా వేస్తారని ఆఫీసులో అనుకుంటారు. సంహితను తీసుకువెళ్ళేసరికి ఆయన బల్ల మీద పింగాణీ పళ్ళెం, భూతద్దం, తేమ కొలిచే మీటరు సిద్ధంగా ఉన్నాయి.

"ముందు నమూనా కావాలండి," అన్నారు.

"నమూనా అంటే?"

"బస్తాలోంచి గింజలు తీస్తాం కదండీ, అలాగ. ముందువైపుదొకటి, మధ్యలోదొకటి, అట్టడుగుదొకటి."

సంహిత గట్టిగా నోరు మూసుకుంది.

"పళ్ళు తీసి ఇవ్వడం కుదరదండి," అన్నాను.

"రసీదు ఇస్తామండి. పరీక్షవగానే వాపసు చేసేస్తాం."

చివరకు, మొదటిరోజే డాక్టరుగారు తీసిన పళ్ళ అచ్చు మమ్మల్ని కాపాడింది. తెల్లటి ప్లాస్టరుతో చేసిన ఆ అచ్చును ఏసురత్నంగారు సంతోషంగా స్వీకరించి, స్టాకు నంబరు వేయించి, మూడో నంబరు గోడౌనుకు పంపించారు. అక్కడ వడ్ల బస్తాలతో పాటు దానికి కూడా పురుగు పట్టకుండా మందు కొట్టారు.

అయితే అచ్చులో తేమ తెలియదు కనుక, తేమ పరీక్ష నేరుగా చేయవలసి వచ్చింది. ఆయన మీటరును సంహిత నోటి దగ్గర పెట్టి చూసి, తల అడ్డంగా ఊపారు.

"తేమ బాగా ఎక్కువుందండి. ఇంత తేమతో ఏదీ తీసుకోలేం. ఆరబెట్టి పట్టుకురావాలి."

"అంకుల్, అది నోరండి," అంది సంహిత.

"నోరే, కాదన్లేదమ్మా. ఎండలో కూర్చోమనడం లేదుగా. ఆ ఫ్యాను కింద కాసేపు నోరు తెరుచుకు కూర్చో, అదే దిగుతుంది."

కూర్చుంది. వచ్చేపోయే గుమాస్తాలు ఆగి చూసి వెళ్ళారు. నేను పక్కనే నిలబడి, కొలమానం తప్పా, కొలవబడే వస్తువు తప్పా అని ఆలోచించాను. కొలమానానికి ప్రభుత్వ ముద్ర ఉంది. సంహితకు లేదు. కనుక వాదం అటువైపే మొగ్గింది.

తేమ ఎంతకీ దిగలేదు. ఏసురత్నంగారు మనసున్న మనిషి. అకాల వర్షాలు పడ్డ ఏడాది రైతుల కష్టం చూసి తేమ నిబంధన సడలిస్తూ ఇచ్చిన ఉత్తర్వు ఒకటి వెతికి తీశారు. దాని ఆధారంగా మా అమ్మాయి నోటిని ప్రకృతి వైపరీత్యం కింద పరిగణించి, నివేదిక ముగించారు. రంగు సాధారణం, మట్టి, రాళ్ళు లేవు, విరిగినవి లేవు, వంకరవి పరిమితికి మించి ఉన్నవి.

ఇంటికి వచ్చి సంగతంతా చెప్పాను.

"కాటా మీద వేసి తూచలేదు, నయం," అంది హైమవతి.

"తూకం మీద పథకం ఆధారపడదు," అని వివరించాను.

నాణ్యత తేలింది. వినియోగం తేలాలి. అందుకు అభ్యర్థిని ఆమె సహజ పరిసరాల్లో గమనించడం ఉత్తమమని సంక్షేమ విభాగం నిర్ణయించింది. ఒక ఆదివారం మధ్యాహ్నం ఏసురత్నంగారు మా ఇంటికి వచ్చి, భోజనాల గదిలో ఓ మూల కుర్చీ వేయించుకుని, కాగితాల అట్ట ఒళ్ళో పెట్టుకున్నారు.

"నేను లేనట్టే అనుకోండి," అన్నారు.

"లేనట్టు అనుకుంటే భోజనం పెట్టక్కర్లేదన్నమాట," అంది హైమవతి. "లేచి రండి అన్నయ్యగారూ, దొండకాయ వేపుడు చల్లారిపోతుంది."

ఆయన మొహమాటపడుతూనే బల్ల దగ్గరికి వచ్చారు. ఎడమచేత్తో కలం, కుడిచేత్తో ముద్ద. సంహిత నెమ్మదిగా, నొప్పి తగలని వైపుకు ముద్దను తిప్పుకుంటూ తింటోంది. నమలడం, నమలడం, నమలడం. కలం చకచకా సాగింది. నాకు ఆశ కలిగింది.

అప్పుడాయన పెరుగన్నంలోకి చల్లమిరపకాయ కొరికారు. హైమవతి పుట్టింటివారి చల్లమిరపకాయలు బయటివాళ్ళకు అలవాటు లేనివి. ఏసురత్నంగారి ముఖం ఎర్రబడింది. వెక్కిళ్ళు మొదలయ్యాయి. ధారగా కారుతున్న కన్నీళ్ళ మధ్య ఆయన మర్యాద తప్పకుండా, "అ... అద్భుతంగా... ఉన్నాయమ్మా," అన్నారు.

సంహిత ఫక్కున నవ్వింది. వెంటనే చెయ్యి అడ్డం పెట్టుకుంది గాని, నవ్వు వేళ్ళ సందుల్లోంచి వస్తూనే ఉంది.

ఏసురత్నంగారు మంచినీళ్ళు తాగి, కళ్ళు తుడుచుకుని, విచారంగా కలం అందుకున్నారు.

"చూడనట్టు ఊరుకోవచ్చండి. కాని డ్యూటీ. అయితే ఇక్కడొక సందేహం ఉంది. పాప చెయ్యి అడ్డం పెట్టుకుంది, పళ్ళు కనపడలేదు. కనపడని నవ్వు నవ్వు కిందికి వస్తుందా రాదా? పైవాళ్ళని అడగాలి."

అడిగారు. పైనుంచి జవాబు వచ్చింది: 'క్రియ కనపడకున్నను ఉద్దేశము రుజువైనది గనుక నవ్వుగానే పరిగణించవలెను.' క్రియకు, ఉద్దేశానికి ఉన్న సంబంధం మీద తత్త్వవేత్తలు శతాబ్దాలుగా తెమల్చలేని తగాదాను మా కేంద్ర కార్యాలయం ఒక్క వాక్యంలో తెమల్చేసింది.

"ఇకనుంచి చెప్పకుండా వస్తానండి," అని ఏసురత్నంగారు ముందే చెప్పి వెళ్ళారు. "చెప్పి వస్తే అది పరీక్ష కాదు కదా."

ఆ సాయంత్రమే ఇంట్లో సమావేశం పెట్టాను.

"మంజూరు వచ్చేదాకా మనింట్లో ఎవరూ నవ్వకూడదు," అన్నాను.

"అది నవ్వకూడదంటే అర్థముంది. మేమేం చేశాం?" అంది హైమవతి.

"ఒకరు నవ్వితే ఇంకొకరికి నవ్వొస్తుంది. కారణం ఉన్నచోట కార్యం తప్పదు. కాబట్టి కారణాన్నే తీసేయాలి."

"మీరలా చెబుతుంటే మీ మొహం చూసి నాకు ఇప్పుడే వస్తోంది. ముందు దాన్ని తీసేయండి."

సంహిత పెదవులు బిగబట్టింది. నేను తీవ్రంగా చూశాను. బిగబట్టిన పెదవుల వెనక కూడా ఉద్దేశం ఉంటుందని ఇప్పుడు నాకు తెలుసు.

ఆనాటి నుంచి మా ఇల్లు పథకానికి అనుగుణంగా మారింది. టీవీలో హాస్యకార్యక్రమాలు ఆపేసి, మార్కెట్ ధరలు పెట్టాను. హైమవతి తమ్ముడు వచ్చి కూర్చుంటే చాలు, ఎవరికైనా నవ్వాగదు. మంజూరు ఉత్తర్వులు వచ్చేదాకా రావద్దని అతనికి ఫోన్ చేశాను.

"ఎవరు పోయారు బావా?" అని అడిగాడు.

భోజనాల దగ్గర మానవ దుఃఖానికి మూలం గురించి కొద్దిసేపు ప్రసంగించేవాణ్ణి. ఫలితం కనిపించింది. సంహిత నవ్వడం తగ్గింది. తినడం కూడా తగ్గింది. దాంతో నమిలే వంతు పడిపోతుందన్న భయం కలిగి ప్రసంగాన్ని కుదించాను.

ఒకనాడు సంహిత పుస్తకం మూసి, "నాన్నా, ఏడవొచ్చా?" అని అడిగింది.

నేను నిబంధనలు తీసి చూశాను. "ఏడుపులో పళ్ళ వినియోగం గురించి ఎక్కడా ప్రస్తావన లేదు. నిషేధం లేనిది అనుమతించినట్టే."

"ఊరికే అడిగాలే," అంది. ఏడవలేదు.

కొన్నాళ్ళకు స్కూలు నుంచి క్లాసు టీచరు పిలిపించారు. "సంహిత ఈ మధ్య ఎవరితోనూ కలవడం లేదండి. స్నేహితురాళ్ళు జోకులేసుకుంటుంటే లేచి వెళ్ళిపోతోంది. ఇంట్లో ఏమైనా గొడవలా?"

"అబ్బే, లేదండి. ఇన్సూరెన్స్."

"అయ్యో," అన్నారావిడ. ఆ ఒక్క మాటతో ఆవిడకంతా అర్థమైనట్టు కనిపించింది.

ఏసురత్నంగారు అన్నమాట ప్రకారం చెప్పకుండా వస్తూనే ఉన్నారు. ఒకసారి పాలవాడి వెనకాల వచ్చారు. ఒకసారి పుస్తకాల షాపులో అట్టపెట్టెల చాటున నిలబడ్డారు. ఎప్పుడు వచ్చినా సంహిత పెద్దమనిషి తరహాగా తలూపి, కుర్చీ చూపించి, తన పని తాను చూసుకునేది. ఓనాడు ఆయన గుమ్మం దగ్గర చెప్పులు వేసుకుంటూ నాతో గొంతు తగ్గించి అన్నారు:

"ఒక్కోసారి 'నవ్వమ్మా తల్లీ' అని నేనే అనేద్దామనిపిస్తుందండి. మాక్కూడా ఆడపిల్లలున్నారు. కాని కాగితం నా చేతిలో ఉంటుంది కదా."

"మీ విధి మీరు నిర్వహిస్తున్నారు," అన్నాను. అని లోపలికి వచ్చాక, నా విధి ఏమిటని నన్నెవరూ అడగలేదని గుర్తొచ్చింది. నన్ను నేనైనా ప్రశ్నించుకోలేదు. అడిగితే వచ్చే జవాబు మీద నాకు అప్పటికే కొంత అనుమానం ఉంది.

పుండు పెద్దదైంది. ఒకరోజు సంహిత మజ్జిగ కూడా మింగలేక గ్లాసు పక్కన పెట్టేస్తే, మళ్ళీ మెహరున్నీసా గారి దగ్గరికి వెళ్ళాం. ఆవిడ చూసి, చేతి తొడుగులు తీసి చెత్తబుట్టలో గట్టిగా వేశారు.

"ఇంకా ఎందుకు ఆగారండీ?"

"మా సంస్థ మంజూరు కమిటీ తేల్చాలండి."

"మీ కమిటీలో పళ్ళ డాక్టరెవరైనా ఉన్నారా?"

"ఇదివరకు పశువుల దాణా నిపుణుడొకాయన ఉండేవారట. పళ్ళు చూసి గేదె వయసు చెప్పేవారు. ఆయన రిటైరయ్యారు."

ఆవిడ నా ముఖం వంక చూశారు. నేను పరిహాసమాడడం లేదని అర్థమయ్యాక, మరింత నెమ్మదిగా మాట్లాడారు.

"చూడండి సార్. మీరు విడతలుగా కట్టుకోవచ్చు, నేనేం తొందరపెట్టను. మొదలుపెట్టేద్దాం."

"స్తోమత లేక కాదండి. ఇది న్యాయంగా మాకు రావలసింది. సూత్రం ఒకటి ఉంది."

"సూత్రానికి పుండు లేదు కదా," అన్నారావిడ.

ఆ వాక్యాన్ని ఖండించడానికి ఇంటిదాకా ప్రయత్నించాను. స్కూటరు వెనక సంహిత మౌనంగా కూర్చుంది. ఇదివరకు స్కూటరెక్కితే దాని నోరు ఆగేది కాదు. సైన్‌బోర్డులన్నీ చదివి వెక్కిరించేది.

ఆఖరికి కమిటీ సమావేశానికి పిలుపు వచ్చింది. వినియోగదారును వెంట తీసుకురావాలని అందులో ఉంది. అంటే సంహిత.

అధ్యక్షస్థానంలో ప్రాంతీయ మేనేజరు ప్రసూనాంబగారు, ఆవిడకు ఇరుపక్కలా ముక్తేశ్వరరావుగారు, ఏసురత్నంగారు. బల్ల మధ్యలో మందు వాసన కొడుతున్న ప్లాస్టరు పళ్ళు.

"అభినందనలు సోమసుందరం గారూ," అన్నారు ప్రసూనాంబగారు. "తుది నివేదిక ప్రకారం పరిశీలనా కాలంలో నవ్వు వంతు శూన్యం. మొదట నమోదైన ఒక్క నవ్వూ చల్లమిరపకాయ ప్రేరేపితమని ఏసురత్నం గారు ప్రత్యేకంగా రాసి, దాన్ని తీసేయించారు. ఇటువంటి కుటుంబ క్రమశిక్షణ మన సంస్థకే గర్వకారణం."

ఏసురత్నంగారు తలవంచుకున్నారు. సాధించాం.

"ఒక్క చిన్న సాంకేతికాంశం మిగిలింది," అన్నారు ముక్తేశ్వరరావుగారు. "ముందరి ఆరు పళ్ళు. మనం నవ్వినప్పుడు బయటికి కనపడేవి అవే. కనుక వాటిని యథాస్థితిలో ఉంచేసి, వెనకాల దవడ పళ్ళు సరిచేయిస్తే ఏ ఆడిటూ మనల్ని వేలెత్తి చూపలేదు."

"వెనకాల పళ్ళు బాగానే ఉన్నాయండి. గుచ్చుకునేవి ముందరివే."

"బాగున్నవాటిని సరిచేయించుకోవడానికి పథకంలో అభ్యంతరం లేదండి."

ప్రసూనాంబగారు చెయ్యెత్తి ఆయన్ని వారించారు. "మానవతా దృక్పథంతో చూడాలి ముక్తేశ్వరరావు గారూ. ముందరి పళ్ళు కూడా మంజూరు చేద్దాం. కాని సంస్థ ఖర్చుతో నమలడం కోసం సరిచేసిన పళ్ళను రేపు వేరే ప్రయోజనానికి వాడితే? ధాన్యం కోసమని గోడౌను తీసుకుని అందులో సిమెంటు బస్తాలు వేసుకున్నట్టే కదా."

"అది దుర్వినియోగం మేడమ్," అన్నారు ముక్తేశ్వరరావుగారు.

"అందుకని ఒక హామీపత్రం. సరిచేసిన పళ్ళను నమలడానికి, ఉచ్చారణకు తప్ప ఇతరత్రా వినియోగించనని వినియోగదారు, ఆమె తండ్రి సంతకాలు చేస్తారు. ఏసురత్నం గారు వీలునుబట్టి తనిఖీకి వస్తూంటారు. సంస్థ వార్షికోత్సవం గ్రూపు ఫొటోలో నవ్వుకు అనుమతి ఉంది. అది సంస్థ ప్రయోజనం. పెళ్ళికి ముందుగా దరఖాస్తు చేసుకుంటే పరిశీలిస్తాం."

కాగితం మా ముందుకు వచ్చింది. అక్షరాలు పొందికగా ఉన్నాయి. మొదటి నుంచి చివరి దాకా ఒక్కొక్క మెట్టే గుర్తుచేసుకున్నాను. ఎక్కడా తర్కం తప్పలేదు. ప్రతి మెట్టు దగ్గరా నేను తలూపాను.

సంహిత కాగితాన్ని సాంతం చదివింది.

"ఇది ఎప్పటిదాకా అండీ?"

"పళ్ళున్నంత కాలమేనమ్మా," అన్నారు ముక్తేశ్వరరావుగారు, అదేమంత ఎక్కువ కాదన్నట్టు.

"సరేనండి." అది కలం మూత తీసింది.

"ఆలోచించుకున్నావా?" అన్నాను నేను.

"ఇందులో ఆలోచించడానికేముంది నాన్నా? నొప్పి తగ్గుతుంది కదా. నవ్వకపోవడం నాకు అలవాటైపోయింది. ఇప్పుడు రావడం లేదు కూడా."

అందులో నిష్ఠూరం లేదు. అద్దె ఇల్లు ఖాళీచేసి వెళ్ళేటప్పుడు తాళంచెవి అప్పగించినట్టు, ఎంతో మామూలుగా అంది. ఏసురత్నంగారు ఒళ్ళో ఉన్న కాగితాల అట్ట తీసి కింద పెట్టేశారు. మిగతా ఇద్దరూ సంతకం కోసం ఎదురుచూస్తున్నారు.

నేను మా అమ్మాయి ముఖం చూశాను. దంతచికిత్స కోసం బయల్దేరినవాణ్ణి. పుండు అలాగే ఉంది. పళ్ళు అలాగే ఉన్నాయి. ఇన్నాళ్ళూ మా ఇంట్లో విజయవంతంగా సరిచేయబడింది ఒక్కటే. దాన్ని సరిచేసింది కమిటీ కాదు. కమిటీ మా ఇంటికి అప్పుడప్పుడూ వచ్చింది. నేను రోజూ ఉన్నాను.

సంహిత చేతిలోంచి కలం తీసుకున్నాను. హామీపత్రంలో 'చికిత్స ప్రయోజనము' అన్నచోట 'నమలుట' అని ముందే అచ్చువేసి ఉంది. దాన్ని కొట్టేసి, పైన 'నవ్వడానికి' అని రాశాను. కాగితాన్ని అధ్యక్షురాలి వైపు తిప్పి పెట్టాను.

ప్రసూనాంబగారు చదివి, ముక్తేశ్వరరావుగారికి చూపించారు. ఆయన చదివి ప్లాస్టరు పళ్ళ వంక చూశారు.

"పొరపాటున రాసినట్టున్నారు," అన్నారావిడ మెల్లగా. "ఇలాగైతే తిరస్కరించవలసి వస్తుంది."

"తిరస్కరించండి మేడమ్. సక్రమంగానే ఉంటుంది."

"మరి నమలడం?"

"నవ్వగలిగితే నమలడం కూడా చేయగలుగుతుందండి. మా ఇంట్లో పరీక్షించి చూశాను."

బయటికి వచ్చాక స్కూటరు తిన్నగా మెహరున్నీసా గారి ఆసుపత్రి ముందే ఆపాను. వెనకనుంచి సంహిత, "ఇప్పుడెందుకు నాన్నా? మంజూరు కాలేదుగా?" అంటూనే ఉంది. మెట్లెక్కి, లోపల వేరే రోగులెవరూ లేరని చూసుకుని, డాక్టరుగారితో చెప్పాను:

"మొదలుపెట్టండి."

"ఎప్పటినుంచి?"

"ఇప్పటినుంచే."

ఆవిడ సంహితను కుర్చీలో కూర్చోబెట్టి, దీపం దగ్గరికి లాగి, "ఏదీ, పై వరస ఎంతవరకు కనపడుతుందో చూడాలి. ఓసారి బాగా నవ్వు," అన్నారు.

సంహిత నవ్వలేదు. అనుమతి కోసం నా వైపు చూసింది.

నేను ముందు నవ్వాను. చాలాకాలమైంది కనుక, అది సరిగ్గా కుదరలేదు. ఒక బుగ్గ కదిలింది, రెండోది కదలడానికి కొంత సమయం తీసుకుంది. పళ్ళు ఎంతవరకు బయటపెట్టాలో గుర్తు రాక, ఉన్నవన్నీ పెట్టేశాను.

"అమ్మో, నాన్నా," అంది సంహిత, "నువ్వు మూసెయ్యి!"

అని నవ్వింది. చెయ్యి అడ్డం పెట్టుకోవడానికి పైకి లేపింది గాని, ఆ చేతిని డాక్టరుగారు మెల్లగా పక్కకు తీసి, పని మొదలుపెట్టారు.